గాజుపెట్టెలో గ్రంథం

1454వ సంవత్సరం శరత్కాలంలో జర్మనీలోని ఫ్రాంక్‌ఫర్ట్ నగరంలో ఒక పెద్ద గ్రంథానికి చెందిన కొన్ని పుటలను జనానికి చూపారు. అక్షరాలన్నీ ఒకే తీరుగా, తప్పులు లేకుండా, కళ్లద్దాల సాయం అక్కరలేనంత స్పష్టంగా ఉన్నవి. ఈ సంగతిని 1455 మార్చిలో ఒక కార్డినల్‌కు ఉత్తరం ద్వారా తెలిపినవాడు ఏనియా సిల్వియో పిక్కొలోమినీ. ఇతడే 1458లో రెండవ పయస్ అనే పేరుతో పోపు అయినాడు. ఆ పుటలు మైంజ్ నగరంలో గూటెన్‌బర్గ్ విడి లోహాక్షరాలతో అచ్చువేసిన బైబిలువి. పని పూర్తి కాకముందే ప్రతులన్నిటికీ కొనేవారు సిద్ధమైనారని కూడా ఆ ఉత్తరం వలన తెలుస్తున్నది.

ఐరోపాలో అచ్చుపుస్తకానికి జరిగిన తొలి ప్రదర్శనలలో ఇది ఒకటి అనవచ్చును. నాడు చూచినవారు ఆ పుటను చదివారు. చదివి దాని మంచిచెడ్డలు తేల్చుకొన్నారు. నేడు అదే పుట గాజుపెట్టెలో, మసక వెలుతురులో ఉన్నది. భాష లాటిను, లిపి గోథిక్కు. చూచేవాడు చదవలేడు, తాకలేడు, పుట తిప్పలేడు. ఒక్క నిమిషం నిలబడి, బంగారు మెరుగు చూచి, ఎంత పాతదో అనుకొని ముందుకు సాగిపోతాడు. చదువుకొనవలసిన వస్తువు చూచి మురిసే వస్తువుగా మారినది.

ఈ మార్పుకు ఎవరినీ నిందించ పనిలేదు. ఐదారువందల ఏళ్లనాటి పుస్తకాన్ని పదిమంది చేతికి ఇవ్వటం సాధ్యం కాదు. అయితే ప్రదర్శన ఉచితంగా జరిగేది కాదని మాత్రం గుర్తుంచుకోవాలి. ప్రవేశ రుసుము లేకపోయినా గ్రంథం తన రంగులో కొంత చెల్లిస్తూనే ఉంటుంది. కనుక ప్రాచీన గ్రంథాల ప్రదర్శన ఎటువంటిదైనా, దానిని పరీక్షించటానికి ఒక ప్రశ్న చాలును. గ్రంథం భరించిన వెలుతురుకు తగిన జ్ఞానం చూచేవానికి దక్కినదా? వాషింగ్టన్, కేంబ్రిడ్జి, పారిస్ నగరాలలో జరిగిన మూడు ప్రదర్శనలను ఈ ప్రశ్నతో పరిశీలిస్తే ఇటువంటి ప్రదర్శనల బలం, బలహీనత రెండూ బయటపడతవి.

వెలుతురు లెక్క

ముందుగా ఆ ఖర్చు ఎంతో చూడాలి. కాంతి శక్తిరూపం. రంగునిచ్చే అణువు కాంతిని పీల్చుకొన్నప్పుడు ఆ శక్తి కొన్ని సందర్భాలలో అణువులోని బంధాలను తెంపుతుంది. బంధం తెగిన అణువు రంగును కోల్పోతుంది. తరంగదైర్ఘ్యం తగ్గినకొద్దీ కాంతికణపు శక్తి పెరుగుతుంది కనుక అతినీలలోహిత కిరణాలు అన్నిటికంటె ప్రమాదకరమైనవి. వాటిని వడపోయవచ్చును. కాని కంటికి కనిపించే కాంతిని పూర్తిగా వడపోస్తే ఇక చూచేదేమున్నది?

వస్తువుపై పడే వెలుతురును లక్సులలో కొలుస్తారు. మిట్టమధ్యాహ్నపు ఎండలో సుమారు 1,00,000 లక్సులు ఉంటవి. చదువుకొనే గదికి 300 లక్సులు చాలును. ప్రాచీన వ్రాతప్రతులున్న పెట్టెలో సాధారణంగా 50 లక్సులకు మించనీయరు. ఒక ప్రదర్శన రోజుకు 8 గంటల చొప్పున 90 రోజులు జరిగినదనుకొందాము. అప్పుడు తెరచిన పుటపై పడిన మొత్తం 50 × 8 × 90, అనగా 36,000 లక్సు-గంటలు. ఇది మిట్టమధ్యాహ్నపు ఎండలో సుమారు 22 నిమిషాలకు సమానం.

ఇరవైరెండు నిమిషాలంటే స్వల్పంగా తోచవచ్చును. కాని మనిషి చర్మంవలె పుట తిరిగి కోలుకోదు. ఈ ఏడాది పడిన వెలుతురు నిరుటిదానితో కలుస్తుంది. రాబోయే ఏడాదిది దానిపై చేరుతుంది. అతి సున్నితమైన రంగులకు ఏడాదికి 15,000 లక్సు-గంటలు మించరాదని అంతర్జాతీయ ప్రకాశ సంఘం 2004లో సూచించినది. 50 లక్సుల వద్ద రోజుకు 8 గంటలు తెరచి ఉంచితే ఈ మొత్తం 37 రోజులలో తీరిపోతుంది. అందువల్లనే మ్యూజియములలో కొంతకాలానికొకసారి పుట తిప్పుతారు, లేదా ఒక గ్రంథాన్ని లోపలికి పంపి మరొకటి తెస్తారు.

ఒకే పుటలోని పదార్థాలన్నీ వెలుతురును ఒకే విధంగా తట్టుకోలేవు. గూటెన్‌బర్గ్ వాడిన నల్లసిరాకు ఆధారం నూనె, మసి. మసిలోని కర్బనాన్ని వెలుతురు ఏమీ చేయలేదు. వ్రాతగాళ్లు ఎక్కువగా వాడిన సిరా వేరు. మాచికాయల కషాయంలో అన్నభేది, జిగురు కలిపి దానిని తయారుచేసేవారు. అది కాలక్రమాన గోధుమరంగుకు తిరుగుతుంది. దానిలోని ఆమ్లం, ఇనుము కలిసి కాగితాన్ని తినివేస్తవి. లాజవర్దం వంటి రాతిరంగులు వెలుతురులో చాలావరకు నిలుస్తవి. మొక్కలనుండి, కీటకాలనుండి తీసిన ఎరుపులు, ఊదాలు త్వరగా వెలిసిపోతవి. రాగి చిలుము నుండి చేసిన ఆకుపచ్చకు వెలుతురుకన్న తేమతో పేచీ. అది తన కింది పుటనే కొరుకుతుంది. కనుక అచ్చుపుస్తకం గట్టిది, వ్రాతప్రతి సున్నితమైనది అని గీత గీయటానికి వీలులేదు. అచ్చుపుస్తకంలో చేతితో వేసిన రంగులకు వ్రాతప్రతిలోని రంగులకు ఉన్న కష్టాలే ఉన్నవి.

ఈ లెక్క ఉన్నత పాఠశాల విద్యార్థికి అర్థం కానిది కాదు. అయినా దీపాలు మందంగా ఉన్నందుకు క్షమాపణ కోరే పలక ప్రదర్శనశాలల్లో తరచు కనిపిస్తుంది. ఎందుకు మందంగా ఉన్నవో వివరించే పలక అరుదు. చీకటిని అసౌకర్యంగా కాక పాఠంగా చూపితే, చూచేవాడు ఆ గ్రంథ రక్షణలో భాగస్వామి అవుతాడు.

ఎదురెదురుగా రెండు బైబిళ్లు

వాషింగ్టన్‌లోని లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ భవనంలో అనేక సంవత్సరాలు రెండు బైబిళ్లను ఎదురెదురు గాజుపెట్టెలలో ఉంచి చూపారు. ఒకటి మైంజ్ మహాబైబిలు అనే పేరుగల వ్రాతప్రతి. దీనిని వ్రాసినవాడు 1452 ఏప్రిల్ 4న మొదలుపెట్టి 1453 జూలై 9న ముగించాడు. రెండవది గూటెన్‌బర్గ్ బైబిలు. చర్మపత్రాలపై అచ్చయి, లోపం లేకుండా నిలిచిన మూడు ప్రతులలో ఇది ఒకటి. 1930లో అమెరికా ప్రభుత్వం 15 లక్షల డాలర్లతో కొన్న 3,000కు పైబడిన తొలినాటి అచ్చుపుస్తకాల సేకరణలో ఇది ఉన్నది. వ్రాతప్రతి 1952లో కానుకగా వచ్చినది.

ఈ జంటను ఎన్నుకొన్నవారి ఆలోచన ప్రశంసనీయం. రెండూ ఒకే ప్రాంతానికి, రెండు మూడేళ్ల వ్యవధికి చెందినవి. ఒకడు పదిహేను నెలలు కూర్చుండి ఒక్క ప్రతి వ్రాశాడు. మరొకడు కొద్ది ఏళ్లలో సుమారు 180 ప్రతులు అచ్చువేశాడు. వాటిలో 50కి లోపుగా మాత్రమే నేటికి మిగిలినవి. రెండు విధానాలకు గల భేదాన్ని చెప్పటానికి ఇంతకన్న సులభమైన మార్గం లేదు.

అయితే ఈ జంట చెప్పగల ముఖ్యమైన పాఠం భేదం కాదు, సామ్యం. గూటెన్‌బర్గ్ కొత్తరకం పుస్తకాన్ని తయారుచేయాలనుకోలేదు. మంచి వ్రాతప్రతిని యంత్రంతో తయారుచేయాలనుకొన్నాడు. వ్రాతగాని అక్షరాల ఒంపులు, సంక్షిప్త రూపాలు, జంట అక్షరాలు అన్నీ ఉండాలని సుమారు 290 రకాల అచ్చు అక్షరాలు పోతపోయించాడు. ప్రకరణాల శీర్షికలను ఎర్రసిరాతో అచ్చువేయాలని మొదటి పుటలలో ప్రయత్నించి, శ్రమ ఎక్కువగా ఉండటంతో మానివేశాడు. ఆ స్థలాలను ఖాళీగా వదిలితే, కొన్నవారు వ్రాతగాళ్ల చేత ఎర్ర శీర్షికలు వ్రాయించుకొన్నారు, చిత్రకారుల చేత రంగులు వేయించుకొన్నారు. అందువల్ల ఏ రెండు ప్రతులూ ఒకే విధంగా ఉండవు. అచ్చు వచ్చిన మరునాడే వ్రాతపని అంతరించినదనే మాట పాఠ్యపుస్తకాలలో తరచు కనిపిస్తుంది. దానిని ఖండించే సాక్ష్యం ఈ గాజుపెట్టెలోనే ఉన్నది.

ఇక్కడి లోపం అమరికలో ఉన్నది. రెండు పెట్టెలు దారికి ఇరువైపులా ఉంటే, చూచేవాడు ఒకదానిని గుర్తుంచుకొని రెండవదాని దగ్గరకు నడవాలి. అక్షరాలను అక్షరాలతో పోల్చటానికి జ్ఞాపకం చాలదు. చుట్టూ పాలరాయి, పైన చిత్రించిన కప్పు, మధ్య అరుదైన గ్రంథం: ఇటువంటి చోట నమస్కరించబుద్ధి అవుతుంది గాని పరిశీలించబుద్ధి కాదు. రెండు పుటల ఛాయాచిత్రాలను పెద్దవిగా చేసి పక్కపక్కన పెడితే ఈ లోపం చాలావరకు తీరుతుంది.

రంగుల వెనుక రసాయనం

కేంబ్రిడ్జిలోని ఫిట్జ్‌విలియం మ్యూజియం 1816లో ఏర్పడినది. దాని ద్విశతాబ్ది సందర్భంగా 2016 జూలై 30న అక్కడ ప్రారంభమైన ప్రదర్శనలో 150 చిత్రిత వ్రాతప్రతులు ఉంచారు. దాని పేరే దాని ఆశయాన్ని తెలుపుతున్నది: వర్ణం, చిత్రిత వ్రాతప్రతుల కళ, శాస్త్రం. ఇటువంటి ప్రదర్శనలలో సాధారణంగా చిత్రకారుడెవరు, పోషకుడెవరు అనే ప్రశ్నలే వినవస్తవి. ఇక్కడ ఈ నీలం ఏ పదార్థం, ఈ పసుపు ఎక్కడిది అనే ప్రశ్నలు ముందుకు వచ్చినవి.

ఈ ప్రశ్నలకు జవాబు చెప్పటానికి పుటనుండి రంగును గోకి తీయనక్కరలేదు. పరారుణ కాంతిలో ఫోటో తీస్తే పైరంగు కింద ఉన్న తొలి రేఖలు కనిపించవచ్చును. ఎక్స్ కిరణాలతో రంగులోని మూలకాలను గుర్తించవచ్చును. ప్రతిఫలించిన కాంతిని వర్ణపటంగా విడదీస్తే ఆయా పదార్థాల గుర్తులు దొరుకుతవి. ఈ మార్గాలలో ఒకటి భారతీయులకు ప్రత్యేకంగా ప్రీతికరమైనది. ఒకే తరంగదైర్ఘ్యం గల కాంతి పదార్థంపై పడి చెదిరినప్పుడు, చెదిరిన కాంతిలో అతి స్వల్పభాగం తరంగదైర్ఘ్యం మారుతుంది; ఆ మార్పు పదార్థపు అణునిర్మాణాన్ని బట్టి ఉంటుంది. బాల్యంలో విశాఖపట్నంలో చదువుకొన్న చంద్రశేఖర వేంకట రామన్ 1928లో కలకత్తాలో కనుగొన్న ఫలితం ఇదే. నేడు లేసరు కాంతితో ఈ పరీక్షను సూదిమొనంత రంగుచుక్కపై కూడా చేయవచ్చును.

ఇటువంటి పరీక్షలు కొన్ని అందమైన కథలను తుడిచివేసినవి. క్రీ.శ. 700 ప్రాంతంలో ఇంగ్లండు ఈశాన్యతీరాన వ్రాసిన లిండిస్‌ఫార్న్ సువార్తలలో నీలం ఉన్నది. అది ఆఫ్ఘనిస్తాన్ గనులనుండి వచ్చిన లాజవర్దమని చాలాకాలం నమ్మారు. అంత దూరపు రాయి ఆ చిన్న దీవికి ఎట్లా చేరినదో అని ఆశ్చర్యపడ్డారు. 2004లో ప్రకటించిన రామన్ పరీక్ష ఆ నీలం నీలిమందు అని తేల్చినది. ఐరోపాలో పెరిగే వోడ్ అనే మొక్క ఆకులనుండి కూడా ఈ రంగును తీయవచ్చును. కథ పోయినది, కాని స్థానికపు మొక్కలతో అంత ప్రకాశాన్ని సాధించిన పనివాని నేర్పు బయటపడినది. ఇది నష్టం కాదు, లాభం.

కేంబ్రిడ్జి పరిశోధకులు మరొక విచిత్రాన్ని కూడా చూపారు. 15వ శతాబ్ది పూర్వార్ధంలో మురానోతో సంబంధంగల ఒక చిత్రకారుడు కోబాల్టుతో నీలవర్ణం కల్పించిన గాజుపొడిని రంగుగా వాడాడు. మురానో వెనీసు దగ్గరి దీవి, గాజుపనికి పేరుపొందినది. పొరుగున ఉన్న గాజుకొలిమి సరకు పుస్తకపు పుటపైకి చేరినదన్నమాట. ఒక్క రంగుచుక్కలో ఒక ఊరి వృత్తులన్నీ కనిపిస్తున్నవి. వెలుతురు ఖర్చుకు తగిన ప్రతిఫలమంటే ఇదే.

ఈ ప్రదర్శనకూ ఒక హద్దు ఉన్నది. 150 గ్రంథాలు అన్నప్పుడు చూచేవానికి దక్కేది ఇంచుమించు 150 జతల పుటలే. ఎంచినవి సహజంగా అతి అందమైన పుటలు. ఒక ప్రార్థనగ్రంథంలో నూరు సాదా పుటలమధ్య ఒక చిత్రపుట ఎట్లా వస్తుందో, అది చదివేవానికి ఎక్కడ విశ్రాంతి ఇస్తుందో తెలియదు. రంగుమీదనే దృష్టి నిలిపితే చర్మాన్ని సున్నంలో నానబెట్టి, చట్రానికి బిగించి, గీకి పత్రం చేసినవాడు, రోజంతా కలం పట్టినవాడు నీడలోనే ఉండిపోతారు. ప్రతి గ్రంథం దగ్గర దాని పుటలెన్ని, వాటిలో చిత్రాలున్నవి ఎన్ని అనే రెండు అంకెలు వేసినా ఈ కొరత కొంత తీరేది.

ముగ్గురు సాక్షులు

పారిస్‌లోని ఫ్రాన్సు జాతీయ గ్రంథాలయం 2023 ఏప్రిల్ 12 నుండి జూలై 16 వరకు గూటెన్‌బర్గ్ కాలపు ఐరోపాను గూర్చి ఒక ప్రదర్శన జరిపినది. అందులో మూడు వస్తువులు ప్రధాన సాక్షులు. ఒకటి ప్రోటా దిమ్మ అనే పాత చెక్కఅచ్చు. రెండవది గూటెన్‌బర్గ్ బైబిలు. మూడవది కొరియాలో 1377లో చోంగ్‌జూ నగరపు హుంగ్‌డోక్ ఆలయంలో విడి లోహాక్షరాలతో అచ్చయిన బౌద్ధగ్రంథం జిక్జీ. రెండు సంపుటాలలో రెండవది మాత్రమే, అదికూడా అసంపూర్ణంగా మిగిలినది. అర్ధశతాబ్ది తరువాత దానిని మళ్లీ జనం ముందు ఉంచారు.

విడి అక్షరాల అచ్చును గూటెన్‌బర్గే ప్రపంచంలో మొదట కనుగొన్నాడనే మాట జిక్జీ ముందు నిలవదు. ఆ ఒక్క పని చేసినందుకే ఈ ప్రదర్శనను మెచ్చుకోవాలి. కాని మూడింటిని వరుసగా ఉంచటంలో ఒక ప్రమాదం ఉన్నది. వరుసను చూచినవాడు ఒకటి మరొకదానికి తల్లి అనుకొంటాడు. కొరియా విద్య మైంజ్‌కు చేరినదనటానికి ప్రత్యక్ష సాక్ష్యం లేదు. పద్ధతులు కూడా వేరు. కొరియాలో పలుచని కాగితాన్ని అక్షరాలపై పరచి వెనుకనుండి రుద్దేవారు. సిరా నీటిలో కలిపినది. మైంజ్‌లో మర అదిమేది. సిరా నూనెలో కలిపినది. లోహానికి అంటుకొనే నూనెసిరా, సమంగా అదిమే మర లేకుంటే గూటెన్‌బర్గ్ అక్షరాలు ఉన్నా ప్రయోజనం ఉండేది కాదు. ఈ భేదాన్ని చెప్పని వరుస సగం పాఠమే అవుతుంది.

ఆ గ్రంథాలయంలోని కాగితపు బైబిలు ప్రతి ఒకటి చరిత్రకారులకు అమూల్యమైనది. గూటెన్‌బర్గ్ తన బైబిలుపై పేరుగాని తేదీగాని వేయలేదు. అయితే ఈ ప్రతికి ఎర్ర శీర్షికలు వ్రాసి బైండు కట్టిన హైన్రిఖ్ క్రెమర్ తన పని ముగిసిన తేదీలను చేతితో వ్రాసిపెట్టాడు. అవి 1456 ఆగస్టు 15, 24. అంటే అప్పటికి అచ్చుపని నిశ్చయంగా పూర్తి అయినది. అచ్చుపుస్తకపు వయస్సుకు చేతివ్రాత సాక్ష్యం చెప్పినది. రంగురంగుల తొలిపుటకన్న ఈ సాదా పంక్తులు తెరచి చూపటం ఎక్కువ విలువగల పని.

తెలిసినది, ఊహించినది

గూటెన్‌బర్గ్ వాడిన మర ఒక్కటికూడా మిగలలేదు. ప్రదర్శనలలో కనిపించే మరలు, పోతపోసే చేతి అచ్చులు తరువాతి కాలపు పనిముట్లను బట్టి ఊహించి చేసినవి. ఉక్కుముద్రతో రాగిలో గుంట చేసి, దానిలో ఒకే రూపపు అక్షరాలను వందలుగా పోయటం గూటెన్‌బర్గ్ పద్ధతి అని చెప్పటం పరిపాటి. 2001లో పాల్ నీధమ్, బ్లెయిజ్ అగ్వెరా ఇ ఆర్కాస్ అనే పరిశోధకులు ఆయన తొలి అచ్చులలోని అక్షరాలను కంప్యూటరుతో పోల్చి చూచారు. ఒకే అక్షరపు రూపాలలో ఒకే గుంటనుండి రాదగనన్ని తేడాలు కనిపించినవి. మొదటి పద్ధతి మరొకటి అయి ఉండవచ్చునని వారు సూచించారు. ఆ వాదాన్ని పండితులందరూ ఒప్పుకోలేదు. సిరా విషయంలో ఫలితం మరింత గట్టిది. 1980ల నాటి పరీక్షలలో కాలిఫోర్నియా విశ్వవిద్యాలయపు డేవిస్ కేంద్రంలో సైక్లోట్రాను నుండి ప్రోటాన్లను పుటపై పడనిచ్చి, వెలువడిన ఎక్స్ కిరణాలను కొలిచారు. ఆ సిరాలో సీసం, రాగి అధికంగా ఉన్నట్లు తెలిసినది.

శాస్త్రం నేర్చేవానికి నిశ్చయమైనది ఏది, ఊహ ఏది అనే వివేకంకన్న ముఖ్యమైన పాఠం లేదు. నమూనా మరపై ఇది ఊహ అని ఒక్క పంక్తి వ్రాస్తే దాని గౌరవం తగ్గదు.

ఫోటోలే ఉండగా అసలు గ్రంథాన్ని వెలుతురుకు తేవటం ఎందుకని కొందరు అడుగుతారు. జర్మనీలోని గొట్టింగెన్ గ్రంథాలయం, లండనులోని బ్రిటిష్ లైబ్రరీ తమ గూటెన్‌బర్గ్ బైబిళ్లలోని పుటలన్నిటినీ 2000లో కంప్యూటరు చిత్రాలుగా మార్చినవి. ఎవరైనా ఇంటినుండి ప్రతి పుటా చూడవచ్చును. పోల్చటానికి, చదవటానికి గాజుపెట్టెకన్న ఇది మేలు. అయితే తెరపై బంగారురేకు తల కదిలినప్పుడు తళుక్కుమనదు. చర్మపత్రానికి వెంట్రుకల వైపు ఒక ఛాయ, మాంసం వైపు మరొక ఛాయ ఉండటం అంతగా తెలియదు. సంపుటపు బరువు, మందం తెలియవు. కనుక తెర ఒకటి, పెట్టె ఒకటి కాక, పెట్టె పక్కనే తెర ఉండాలి. అసలు గ్రంథం కొద్దికాలం కనిపించాలి. మిగిలిన పుటలు తెరమీద ఎల్లప్పుడూ కనిపించాలి.

ఉపాధ్యాయులు ఈ విషయాన్ని తరగతిలోనే చూపవచ్చును. ఒక తెల్లకాగితంపై ఒక చారను పసుపునీటితో, పక్కచారను కావిరాతి నీటితో పూయించాలి. ఆరిన తరువాత కాగితంలో సగభాగాన్ని మందపు అట్టతో కప్పి కొన్ని రోజులు ఎండలో ఉంచాలి. అట్ట తీసినప్పుడు కావి రెండువైపులా ఒకే తీరుగా ఉంటుంది. పసుపు మాత్రం ఎండ తగిలినచోట వెలిసి ఉంటుంది. ఒకటి ఖనిజం, ఒకటి మొక్కరంగు. ఈ కాగితాన్ని చూచిన విద్యార్థి హైదరాబాదులోని సాలార్‌జంగ్ మ్యూజియములోనైనా, మరెక్కడనైనా చిత్రిత గ్రంథం ముందు నిలిచినప్పుడు దీపం మందంగా ఉన్నదని విసుగుకోడు. ఏ రంగు దేనితో చేశారు, ఆ సంగతి ఎట్లా తెలిసినది, తెరవని పుటలలో ఏమున్నది అని అడుగుతాడు. అతని ప్రశ్నకు బదులు చెప్పగల ప్రదర్శన ఆ గ్రంథం ఋణం తీర్చుకొన్నట్లే.